పట్టుకున్న బండిని కేసు నడుస్తుండగనే ఎట్ల విడిపించుకోవాలె: వరంగల్ దిక్కు వాళ్ల కోసం మొదటి నుంచి చివరిదాక

బండి స్టేషన్ల పడ్డదంటే మన దిక్కు చాలామంది ముందు చేసే పని తెలిసిన లీడర్‌కి ఫోన్ కొట్టుడు. ఆయన ఎస్సైకి చేస్తడు, ఎస్సై "చూద్దాం తియ్యన్నా" అంటడు, గట్లనే వారాలకు వారాలు పోతయి. ఈలోపు ఆటో ఎండకి ఎండి వానకి తడిసి, బ్యాటరీ దిగిపోయి, ఎలుకలు వైరింగ్ కొరికి, టైర్లు కూర్చుండిపోతయి, ఫైనాన్స్ వాడు మాత్రం నెల నెలా కిస్తీ అడుగుడు ఆపడు. నిజానికి చాలా కేసులల్ల బండి ఇచ్చుడు ఆ ఎస్సై చేతుల ఉండనే ఉండదు, ఒక్కో కేసుల మెజిస్ట్రేట్ చేతుల కూడా ఉండదు, కలెక్టరేట్ల ఇంకో ఆఫీసర్ దగ్గర ఉంటది.

అందుకే మొదటి రోజే తేల్చుకోవాల్సింది ఒక్కటే, బండిని ఏ చట్టం కింద పట్టుకున్నరు, ఇప్పుడు అది ఎవరి అధీనంల ఉన్నది. ఇది తెలవకుంటే తప్పు గుమ్మం ముందట నిలబడి నెలలు పోగొట్టుకుంటరు. నేను హన్మకొండ కోర్టులల్ల ప్రాక్టీస్ చేస్త, నా దగ్గరికి వచ్చేటోళ్లల్ల సగం మంది అప్పటికే ఎక్కడెక్కడనో తిరిగి అలిసిపోయి వస్తరు, ఆ తిరుగుడు తప్పించాలనే ఇంత పొడుగు రాస్తున్న.

ముందు కాగితం చేతికి రావాలె

స్టేషన్‌కి పోయి "సార్ బండి ఎప్పుడిస్తరు" అని అడిగే ముందు "సార్ ఏ కేసు, ఏ సెక్షన్లు, క్రైమ్ నంబర్ ఎంత" అని అడగండి. ఎఫ్ఐఆర్ అయితే కాపీ తీసుకోండి, కొన్ని సున్నితమైన కేసులు తప్ప మిగతావి తెలంగాణ పోలీస్ వెబ్‌సైట్ల కూడా దొరుకుతయి. బండి పట్టుకున్నప్పుడు రాసిన పంచనామా ఉంటది, దాంట్ల బండి నంబర్, ఇంజిన్ నంబర్, ఛాసిస్ నంబర్ సరిగ్గ పడ్డయా లేదా చూసుకోండి. ఒక్క అంకె తేడా ఉన్నా రేపు కోర్టుల ఆర్డర్ వచ్చినంక స్టేషన్ల "ఇది ఆ బండి కాదు" అని ఆపుతరు, మళ్ల సవరణ పిటిషన్ వేసుకోవాల్సి వస్తది.

ట్రాక్టర్ ఉన్నోళ్లు ఇంకోటి గుర్తుపెట్టుకోవాలె. ఇంజిన్‌కి ఒక నంబర్, ట్రాలీకి ఇంకో నంబర్, రెండిటికి రెండు ఆర్సీలు. పిటిషన్ల ట్రాక్టర్ నంబర్ ఒక్కటే రాసి ట్రాలీ మర్చిపోతే ఇంజిన్ ఇంటికి వస్తది, ట్రాలీ స్టేషన్లనే ఉంటది. ఇది మస్తు సార్లు జరుగుతది.

ఆ రోజే ఫోన్ల బండి ఫొటోలు నాలుగు దిక్కులా తీసి పెట్టుకోండి, స్టెప్నీ, జాకీ, బ్యాటరీ, మీటర్ రీడింగ్ కనపడేటట్టు. తర్వాత ఏదన్న పోతే అడగనీకి ఆధారం ఉంటది.

ఏ కేసు అయితే ఏ గుమ్మం

ఇక్కడ జర ఓపికగ చదవండి, మొత్తం కథ ఇక్కడనే ఉన్నది.

మొదటిది మామూలు ట్రాఫిక్, కాగితాల కేసు. మోటార్ వాహనాల చట్టం 1988ల 207 సెక్షన్ కింద పోలీసులు గానీ ఆర్టీఏ వాళ్లు గానీ బండి ఆపి పెట్టుకోవచ్చు. ఎప్పుడంటే లైసెన్స్ లేకుండ నడిపినప్పుడు, వయసు చాలని పిల్లగాడు నడిపినప్పుడు, రిజిస్ట్రేషన్ లేనప్పుడు, పర్మిట్ లేనప్పుడు లేకుంటే పర్మిట్ షరతులు తప్పినప్పుడు. పర్మిట్ విషయంల అయితే బండి బదులు ఆర్సీ తీసుకొని రసీదు ఇచ్చే వీలు కూడా ఆ సెక్షన్లనే ఉన్నది, కిరాయి బండ్లోళ్లు అది అడగొచ్చు. ఇట్లాంటి కేసులకి కోర్టు దాక పోయే పనిలేదు, కాగితాలు పట్టుకొని పట్టుకున్న ఆఫీసర్‌కో ఆర్టీఏకో దరఖాస్తు పెట్టుకుంటే, జరిమానా ఉంటే కట్టించుకొని ఇడుస్తరు. డిజిలాకర్ల, ఎంపరివాహన్ల చూపించే ఆర్సీ, లైసెన్స్ కూడా చెల్లుతయి. పిల్లగాడికి బండి ఇచ్చిన కేసు మాత్రం తేలికగ తీసుకోకండి, 199ఏ సెక్షన్ కింద తల్లిదండ్రుల మీద లేకుంటే ఓనర్ మీదనే కేసు, 25,000 రూపాయల జరిమానా, మూడేండ్ల దాక జైలు, బండి రిజిస్ట్రేషన్ 12 నెలలు రద్దు.

రెండోది డ్రంక్ అండ్ డ్రైవ్. దీని మీద మన తెలంగాణ హైకోర్టు 2021ల స్పష్టంగ చెప్పింది, తాగి నడిపిండని ఒక్క కారణంతోని బండిని గుంజుకొని పెట్టుకునే అధికారం పోలీసులకు లేదు అని. పక్కన తాగనోడు, లైసెన్స్ ఉన్నోడు ఎవరన్న ఉంటే ఆయనకి బండి ఇచ్చి పంపాలె. ఎవరూ లేకుంటే ఇంటోళ్లనో దోస్తునో పిలిపించి ఇయ్యాలె. ఎవ్వరూ రాకుంటేనే తాత్కాలికంగ స్టేషన్ల పెట్టాలె, తర్వాత ఆర్సీ, గుర్తింపు కార్డు, లైసెన్స్ చూపించిన ఓనర్‌కి ఇయ్యాలె. కాబట్టి రాత్రి హంటర్ రోడ్డు మీదనో కాజీపేట చౌరస్తాలనో మీవోడు దొరికి ఫోన్ చేస్తే ఇంట్ల తిట్టుకుంట కూర్చోకుండ లైసెన్స్ ఉన్న ఇంకో మనిషిని పంపండి. కేసు ఎట్లనో కోర్టుల నడుస్తది, జరిమానా కట్టాల్సిందే, కానీ బండి ఆ రాత్రే ఇంటికి వస్తది.

మూడోది యాక్సిడెంట్ కేసు, మన దగ్గర ఎక్కువ వచ్చేది ఇదే. మనిషి చనిపోతే భారతీయ న్యాయ సంహిత 106, దెబ్బలు తగిలితే 125, ర్యాష్‌గ నడిపినందుకు 281. ఇందుల ముందు కావాల్సింది ఎంవీఐ తనిఖీ రిపోర్ట్, అంటే ఆర్టీఏ నుంచి మోటార్ వెహికల్ ఇన్‌స్పెక్టర్ వచ్చి బ్రేకు, స్టీరింగ్ చూసి మెకానికల్ లోపం ఉన్నదా లేదా అని రాసిచ్చేది. అది లేకుండ కోర్టుల కూడా సాధారణంగ బండి ఇయ్యరు. మోటార్ వాహనాల చట్టం 136 సెక్షన్ల అయితే తనిఖీ కోసం తీసుకపోయిన బండిని ఆ పని అయినంక 24 గంటలల్ల తిరిగి ఇయ్యాలని ఉన్నది. ఆచరణల స్టేషన్ నుంచి ఎంవీఐకి లెటర్ పోవుడే లేట్ అయితది, అందుకే ఆ లెటర్ పోయిందా లేదా అని మర్యాదగనే కానీ పట్టు ఇడవకుండ అడుగుతనే ఉండాలె. ఓనర్‌కి అదే చట్టం 133 సెక్షన్ కింద ఆ టైంల బండి ఎవరు నడిపిండ్రని నోటీస్ వస్తది, దానికి ఉన్నదున్నట్టు జవాబు రాసియ్యండి, వేరేటోని పేరు పెడితే అది మీ మెడకే చుట్టుకుంటది.

యాక్సిడెంట్ టైంకి ఇన్సూరెన్స్ లేకుంటే పరిస్థితి వేరే. బాధితులకి రావాల్సిన పరిహారానికి సరిపోయే సెక్యూరిటీ కోర్టుల పెడితే తప్ప బండి ఇయ్యొద్దని సుప్రీంకోర్టు 2018ల అన్ని రాష్ట్రాలకు చెప్పింది. మూడు నెలలల్ల సెక్యూరిటీ పెట్టకుంటే బండిని వేలం వేసి ఆ పైసలు యాక్సిడెంట్ పరిహారం తేల్చే ట్రిబ్యునల్ల జమ చేసే పద్ధతి అది. కఠినంగనే అనిపిస్తది, కానీ అవుతలి ఇంట్ల మనిషి పోయి ఉంటడు, వాళ్లకి దిక్కు ఆ పైసలే. ఏడాదికి ఒకసారి ప్రీమియం కట్టుడు దీని ముందట ఎంత.

నాలుగోది ఇసుక. ఆకేరు వాగు నుంచో మానేరు నుంచో, ఏటూరునాగారం మంగపేట దిక్కు గోదారి నుంచో పర్మిట్ లేకుండ తెస్తే రెవెన్యూ వాళ్లు, మైనింగ్ వాళ్లు, పోలీసులు ఎవరన్నా పట్టొచ్చు. ఇక్కడ అడగాల్సిన ప్రశ్న, ఉత్త జరిమానాతోని సరిపెట్టే కేసా, ఎఫ్ఐఆర్ అయ్యిందా. ఎఫ్ఐఆర్ లేకుండ తహసీల్దార్ దగ్గరనో మైనింగ్ ఏడీ (అసిస్టెంట్ డైరెక్టర్) దగ్గరనో ఉంటే జరిమానా చలాన్ కట్టి ఆ ఆఫీస్ నుంచే రిలీజ్ లెటర్ తెచ్చుకోవాలె. ఇసుక దొంగతనం కింద ఎఫ్ఐఆర్ అయితే దారి కోర్టే. గనుల చట్టం 21 సెక్షన్ కింద బండిని కోర్టు జప్తు కూడా చెయ్యొచ్చు కాబట్టి రెండోసారి మూడోసారి దొరికితే తేలికగ ఇడువరు.

ఐదోది రేషన్ బియ్యం. ఇందులనే మస్తు మంది మోసపోతరు. నిత్యావసర వస్తువుల చట్టం 1955 కింద 6ఏ కేసు, అంటే సరుకు, బండి జప్తు చేసే కేసు, కలెక్టరేట్ల నడుస్తది, మన దగ్గర రెవెన్యూ అదనపు కలెక్టర్ చూస్తరు. ఆ కేసు పెండింగ్ ఉండంగ మెజిస్ట్రేట్ కోర్టుకి బండి ఇచ్చే అధికారం లేదని 6ఈ సెక్షన్ చెప్తది. ఎఫ్ఐఆర్ ఉన్నది కదా అని కోర్టుల పిటిషన్ వేస్తే కొట్టేస్తరు, నెల పోతది. కిరాయికి సరుకు మోసే బండి అయితే ఒక వెసులుబాటు ఉన్నది, జప్తు చేసే బదులు జరిమానా కట్టుకునే అవకాశం ఓనర్‌కి ఇయ్యాలె, ఆ జరిమానా పట్టుకున్న సరుకు మార్కెట్ ధరకి మించొద్దు, బండి ధర లెక్కలకు రాదు. ఇది చాలామంది అడగరు, అడగకుంటే ఎవరూ గుర్తు చెయ్యరు.

మిగతావి చిన్నగ చెప్త. గుడుంబా, నల్లబెల్లం లాంటి ఎక్సైజ్ కేసులల్ల జప్తు అధికారం ప్రొహిబిషన్ అండ్ ఎక్సైజ్ డిప్యూటీ కమిషనర్‌ది. తాడ్వాయి, ఏటూరునాగారం అడవుల టేకు దుంగలతోని దొరికితే అటవీ శాఖ ఆథరైజ్డ్ ఆఫీసర్‌ది, ఆయన ఆర్డర్ మీద జిల్లా కోర్టుకి అప్పీల్ పోతది. గంజాయి కేసుల బండి రాదని అందరూ అనుకుంటరు కానీ 2025 జనవరిల సుప్రీంకోర్టు బిశ్వజిత్ దే కేసుల మత్తుపదార్థాల చట్టం ఎన్డీపీఎస్‌ల మధ్యంతరంగ బండి ఇయ్యొద్దనే నిషేధం ఏదీ లేదని చెప్పింది, ఓనర్‌కి సంబంధం లేకుండ ప్రయాణికుడో వేరేటోడో సరుకు తెచ్చిన కేసులల్ల ఇది బాగ పనికొస్తది. రేషన్ బియ్యం, అడవి, గంజాయి ఈ మూడిట్ల ఓనర్ చూపించాల్సింది ఒకటే, నాకు తెలవకుండ జరిగింది, నేను తీసుకోవాల్సిన జాగ్రత్త తీసుకున్న అని. డ్రైవర్‌తోని రాసుకున్న అగ్రిమెంట్, కిరాయి బుక్కు, జీపీఎస్ రికార్డు, ఫోన్ మెసేజ్‌లు ఏవుంటే అవి తీసి పెట్టుకోండి.

పిటిషన్ ఎవరు వెయ్యాలె, ఏ కాగితాలు పెట్టాలె

మెజిస్ట్రేట్ కోర్టు దారి అని తేలినంక, పిటిషన్ వెయ్యాల్సింది ఆర్సీల పేరున్న ఓనర్, డ్రైవర్ కాదు. 2024 జూలై 1 నుంచి పాత సీఆర్‌పీసీ బదులు కొత్త చట్టం వచ్చింది, బీఎన్ఎస్ఎస్, అంటే భారతీయ నాగరిక్ సురక్షా సంహిత. బండి కోర్టు ముందట హాజరుపరిచి ఉంటే 497 సెక్షన్, ఇంకా పోలీసుల దగ్గరనే ఉండి సీజ్ చేసిన సంగతి ఉత్త రిపోర్ట్ చేసి ఉంటే 503. పాత కేసులైతే సీఆర్‌పీసీ 451, 457 అనే నంబర్లు వింటరు, సంగతి అదే.

ఆర్సీ, ఇన్సూరెన్స్, ఓనర్ ఆధార్, డ్రైవర్ లైసెన్స్, కిరాయి బండి అయితే పర్మిట్, ఫిట్‌నెస్, ఎఫ్ఐఆర్ కాపీ, పంచనామా కాపీ, ఎంవీఐ రిపోర్ట్, వీటితోని అఫిడవిట్, వకాల్తా. బండి మీద ఫైనాన్స్ ఉంటే ఆర్సీల ఆ కంపెనీ పేరు ఉంటది, వాళ్ల నుంచి అభ్యంతరం లేదని ఒక లెటర్ తెచ్చి పెడితే మంచిది, కిస్తీలు బాకీ ఉంటే వాళ్లే నాకియ్యాలె బండి అని కోర్టుకి వచ్చిన సందర్భాలు ఉన్నయి.

కాగితం మీద పేరు వేరే ఉన్నప్పుడే అసలు తిప్పలు. సెకండ్ హ్యాండ్ల కొని పేరు మార్చుకోని బండ్లు ఊరూరా ఉన్నయి, అట్లయితే పాత ఓనర్‌ని బతిమాలి తెచ్చి ఆయన పేరు మీద పిటిషన్ వేయించాలె, లేదంటే ఆయన అభ్యంతరం లేదని అఫిడవిట్ ఇయ్యాలె. ఓనర్ చనిపోతే తహసీల్దార్ ఆఫీస్ నుంచి ఫ్యామిలీ మెంబర్ సర్టిఫికెట్ తీసుకొని వారసులు వెయ్యాలె, మిగతా వారసులు ఒప్పుకుంటున్నట్టు రాసియ్యాలె. జగిత్యాల, కరీంనగర్ దిక్కు ఎక్కువ ఉండే కథ ఇంకోటి, బండి ఓనర్ దుబాయ్‌ల ఉంటడు, ఇక్కడ తమ్ముడు నడుపుతడు. అన్న అక్కడి మన కాన్సులేట్ల పవర్ ఆఫ్ అటార్నీ అటెస్ట్ చేయించి పంపాలె, అది ఇక్కడికి చేరినంక మూడు నెలలల్ల స్టాంప్ డ్యూటీ కట్టించుకోవాలె. వాట్సాప్ల పంపిన స్కాన్ కాపీ చెల్లదు.

అఫిడవిట్ల ఏం రాయాలెనంటే, బండి నాది, దీని మీదనే బతుకుతున్న, స్టేషన్ల ఆరుబయట పాడైపోతున్నది, దర్యాప్తుకి ఇంక అవసరం లేదు, కోర్టు ఎప్పుడు తెమ్మంటే అప్పుడు తెస్త, అమ్మను, రూపం మార్చను. దీనికి వెన్నుముక 2002ల సుందర్‌భాయ్ అంబాలాల్ దేశాయ్ కేసుల సుప్రీంకోర్టు ఇచ్చిన తీర్పు. పట్టుకున్న బండ్లను ఏండ్ల తరబడి స్టేషన్లల్ల పెట్టుకునుడుల అర్థం లేదు, ఫొటోలు తీసి, పంచనామా రాసి, బాండు, జమానతు తీసుకొని తొందరగ ఇచ్చెయ్యాలె అని దాని సారం. కొత్త చట్టం 497ల గడువులు కూడా పెట్టిండ్రు, వస్తువు కోర్టు ముందటికి వచ్చిన 14 రోజులల్ల దాని వివరాల స్టేట్‌మెంట్ రాయాలె, ఫొటో వీడియో తీయించాలె, ఆ తర్వాత 30 రోజులల్ల ఏం చెయ్యాలెనో ఆర్డర్ ఇయ్యాలె. వాదనల ఈ గడువులు గుర్తు చెయ్యమని మీ వకీల్‌కి చెప్పండి.

వకీల్ ఫీజు పెట్టలేనోళ్లు ఆగిపోవాల్సిన పనిలేదు. మహిళలు, ఎస్సీ, ఎస్టీలు, తక్కువ ఆదాయం ఉన్నోళ్లకి జిల్లా న్యాయ సేవాధికార సంస్థ ఉచితంగ వకీల్‌ని ఇస్తది, కోర్టు ఆవరణల అడిగితే చూపిస్తరు, 15100కి ఫోన్ చేసినా చెప్తరు.

కోర్టుల ఏం జరుగుతది

ముందు ఏ కోర్టు అనేది చూసుకోండి, స్టేషన్ ఏ కోర్టు కిందికి వస్తే అక్కడనే, నర్సంపేట స్టేషన్ బండికి హన్మకొండల వేస్తే తిప్పి పంపుతరు. పిటిషన్ పడ్డంక నంబర్ వేసి ఏపీపీకి, అంటే సర్కారు తరఫు వకీల్‌కి, నోటీస్ ఇస్తరు, ఆయన స్టేషన్ నుంచి రిపోర్ట్ తెప్పించుకొని కౌంటర్, అంటే జవాబు, వేస్తడు. లేట్ అయ్యేది ఇక్కడనే. మీ స్టేషన్ నుంచి కోర్టు పని చూసే కానిస్టేబుల్ ఒకరు ఉంటరు, ఆయన్ని కలిసి కౌంటర్ రిపోర్ట్ వాయిదా లోపల వచ్చేటట్టు చూడమని అడగండి. అభ్యంతరం లేదని పోలీసులు రాస్తే చాలాసార్లు ఆ వాయిదాకే ఆర్డర్ అయితది. వాయిదా తేదీ ఈకోర్ట్స్ యాప్ల మీరే చూసుకోవచ్చు.

కోర్టు దాక పోకముందు ఒక చిన్న దారి ఉన్నది, వాడేటోళ్లు తక్కువ. కోర్టుకి తరలించుడు కష్టమైనా, దాచే జాగ లేకున్నా, దర్యాప్తుకి ఇంక అవసరం లేదనుకున్నా బాండు రాయించుకొని బండిని ఓనర్‌కి అప్పజెప్పే అధికారం బీఎన్ఎస్ఎస్ 106 సెక్షన్ల పోలీసులకే ఉన్నది. రాతపూర్వకంగ దరఖాస్తు ఇచ్చి అందినట్టు సంతకం తీసుకోండి. ఇస్తే మంచిది, ఇయ్యకున్నా మేము అడిగినం అని కోర్టుల చూపించనీకి పనికొస్తది.

ఆర్డర్ వచ్చినంక

ఆర్డర్ అయ్యిందని సంబరపడి నేరుగ స్టేషన్‌కి ఉరుకుతరు, బండి రాదు. ఆర్డర్ల ఎంత విలువకి బాండు, ఎంతమంది జమానతుదార్లు అని ఉంటది. చాలాసార్లు సొంత బాండుతోని పాటు ఇద్దరు జమానతుదార్లను అడుగుతరు. వాళ్లు ఆధార్, ఫొటోలు, ఇంటి పన్ను రసీదు లేకుంటే పట్టాదారు పాస్‌బుక్కు, ఉద్యోగస్తులైతే జీతం సర్టిఫికెట్ పట్టుకొని పొద్దున్నే రావాలె. జమానతుకి వచ్చేటోళ్లని ఆర్డర్‌కి ముందే మాట్లాడి పెట్టుకోండి, పంట కోతల టైంల ఊర్ల నుంచి ఎవరూ కదలరు. విలువ మరీ ఎక్కువ పెట్టిండ్రనిపిస్తే తగ్గించమని అదే కోర్టుల మళ్ల పిటిషన్ వెయ్యొచ్చు.

జమానతు ఒప్పుకున్నంక కోర్టు నుంచి స్టేషన్‌కి రిలీజ్ లెటర్ వస్తది. బండి తీసుకునేటప్పుడు మీరు మొదటి రోజు తీసిన ఫొటోలతోని సరిపోల్చి, ఏదన్న తక్కువుంటే సంతకం పెట్టే ముందే రసీదు మీద రాయండి. బండ్ల ఉన్న సరుకు, పైసలు, ఫోన్ లాంటివి బండితోని రావు, వాటికి వేరే పిటిషన్. రిలీజ్ కోసం స్టేషన్ల ఫీజు ఏదీ లేదు, ఎవరన్న లంచం అడిగితే ఏసీబీ 1064.

కొట్టేస్తే

మెజిస్ట్రేట్ కొట్టేస్తే సెషన్స్ కోర్టుల రివిజన్, అంటే ఆ ఆర్డర్ సరైందేనా మళ్ల చూడమనే పిటిషన్, వెయ్యొచ్చు, లేదంటే హైకోర్టుల బీఎన్ఎస్ఎస్ 528 సెక్షన్ కింద పోవచ్చు. కలెక్టరేట్, ఎక్సైజ్, అటవీ ఆఫీసర్ల దగ్గర దరఖాస్తు పెట్టినా నెలల తరబడి ఏదీ తేల్చకుంటే హైకోర్టుల రిట్ వేస్తే, ఇన్ని రోజులల్ల తేల్చమని గానీ, బండి విలువకి తగ్గ సెక్యూరిటీ తీసుకొని ఇడువమని గానీ ఆర్డర్లు వస్తుంటయి. అందుకే మీరు పెట్టిన ప్రతి దరఖాస్తుకి అందినట్టు ముద్ర ఉన్న కాపీ దాచుకోవాలె, అది లేకుంటే హైకోర్టుల చూపించనీకి ఏముండదు.

బండి ఇంటికొచ్చినంక

ఇది తాత్కాలికంగ ఇచ్చిన బండి. కేసు తీర్పు వచ్చేదాక అమ్మొద్దు, రంగు మార్చొద్దు, ఇంజిన్ మార్చొద్దు, అమ్మాల్సి వస్తే కోర్టు పర్మిషన్ కోసం ముందు పిటిషన్ వెయ్యాలె. బండి తెమ్మని సమన్లు వచ్చిన రోజు తేకుంటే బాండు పైసలు మీ నుంచి, మీ మాట మీద వచ్చిన జమానతుదార్ల నుంచి వసూలు చేస్తరు. ఇన్సూరెన్స్ తప్పకుండ రెన్యూ చేస్తుండండి. కేసు ముగిసినంక తీర్పుల చివరన బండి సంగతి రాస్తరు, తాత్కాలిక కస్టడీని ఖాయం చేస్తున్నం అని ఉంటే పని అయిపోయినట్టు. ఆ ముక్క తీర్పుల లేకుంటే మీ వకీల్‌తోని బీఎన్ఎస్ఎస్ 498 సెక్షన్ కింద ఇంకొక్క పిటిషన్ వేయించి ఆ ఆర్డర్ కాపీ ఆర్సీతోని కలిపి పెట్టుకోండి, బాండు రద్దయినట్టు జమానతుదార్లకి కూడా ఒక కాపీ ఇయ్యండి.